కెమెరా ఎంత ఎత్తులో పట్టుకోవాలి: పాఠకుల ప్రశ్నలు, నా జవాబులు

పోయిన నెల ఈ పేజీలో డాక్యుమెంటరీ కెమెరా పని గురించి కొంచెం రాశాను. దానికి వచ్చిన ఉత్తరాల్లో, వాట్సాప్ మెసేజ్‌లలో సగానికి పైగా మన సీమవే. చాలా సంతోషమేసింది. ఇరవై ఏళ్ల కిందట అనంతపురంలో నేను ఈ పని మొదలుపెట్టినప్పుడు అనుమానం వస్తే అడగడానికి ఒక్క మనిషి దొరకలేదు. అందుకే కొన్ని జవాబులు పొడుగ్గా రాస్తున్నాను, ఓపిగ్గా చదవండి. పేర్లు వేయొద్దని చాలామంది అడిగారు కాబట్టి ఎవరి పేరూ వేయడం లేదు.

అక్కా, మాది కోసిగి దగ్గర పల్లె. డిగ్రీ మూడో సంవత్సరం. ఏటా ఇక్కడ పంటలైపోగానే సగం ఊరు సుగ్గికి, అంటే కూలి పనుల వలసకు, గుంటూరు వైపు పోతుంది. మా అమ్మానాన్న కూడా పోతారు. చిన్నప్పుడు నేనూ పోయినాను. దీని మీద డాక్యుమెంటరీ తీయాలని, కెమెరా పనిలోనే బతకాలని ఉంది. పూణే పోయి చదవాల్నా? నా దగ్గర ఫోన్ తప్ప ఏం లేదు.

తమ్ముడూ, ముందు చదువు సంగతి చెప్పి, ఆ తర్వాత నీ సినిమా సంగతికి వస్తాను, ఎందుకంటే నాకు దాని మీదే ఎక్కువ ఆశగా ఉంది. పూణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో సినిమాటోగ్రఫీ మూడేళ్ల కోర్సు ఉంది, డిగ్రీ అయ్యాక ప్రవేశ పరీక్ష రాసి చేరాలి. కోల్‌కతాలో సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్ ఉంది. ఢిల్లీలో జామియా మిలియా యూనివర్సిటీ ఉంది. హైదరాబాద్‌లో జవహర్‌లాల్ నెహ్రూ ఆర్కిటెక్చర్ అండ్ ఫైన్ ఆర్ట్స్ యూనివర్సిటీలో ఫొటోగ్రఫీ కోర్సు ఉంది. ప్రభుత్వ సంస్థల్లో రిజర్వేషన్ సీట్లుంటాయి, వాటి గురించి మన పిల్లలకు తెలియకపోవడం వల్లే దరఖాస్తు కూడా పెట్టరు, నువ్వు మాత్రం పెట్టు. సీటు రాకపోయినా బెంగపడొద్దు, నాకూ రాలేదు. ఒక పెళ్లిళ్ల స్టూడియోలో లైటు పట్టుకుని నేర్చుకున్నాను.

ఇప్పుడు సుగ్గి. ఒక్క ఇల్లు పట్టుకో. వీలైతే మీ ఇల్లే. కూలీలను తీసుకుపోయే మేస్త్రి అడ్వాన్స్ ఇచ్చిన రోజు, మూటలు కట్టే రాత్రి, ఇంటికి తాళం వేసేటప్పుడు లోపల ఉండిపోయే అవ్వ, బడికి పోకుండా తల్లితో లారీ ఎక్కే పాప, అక్కడ చేను గట్టు మీద వేసుకున్న గుడిసె, తిరిగొచ్చాక అప్పు కట్టగా మిగిలిన లెక్క. ఇవన్నీ నీకు ముందే తెలుసు. హైదరాబాద్ నుంచి వచ్చే యూనిట్‌కు ఇవి తెలియడానికే రెండు నెలలు పడుతుంది, అప్పటికి వాళ్ల బడ్జెట్ అయిపోతుంది. అమెరికాలో హాస్కెల్ వెక్స్‌లర్ అని పెద్ద కెమెరామన్ ఉండేవాడు (ఆయన గురించి కింద ఇంకో ప్రశ్న వచ్చింది). 1963లో పౌరహక్కుల కోసం వాషింగ్టన్‌లో పెద్ద ప్రదర్శన జరిగింది కదా, దానికి శాన్‌ఫ్రాన్సిస్కో నుంచి బస్సులో పోతున్నవాళ్లతో పాటు ఆయన కెమెరా పట్టుకుని ఎక్కాడు. దారి పొడుగునా బస్సులో వాళ్ల మాటలే సినిమా అయ్యాయి. నువ్వెక్కే లారీలో కూడా అలాంటి మాటలే ఉంటాయి తమ్ముడూ. ఇంటర్వ్యూ అని కుర్చీ వేసి కూర్చోబెట్టకు, వాళ్లు ఒకరితో ఒకరు మాట్లాడుకునేటప్పుడు పక్కన ఉండు.

ఫోన్ చాలు. కానీ ఐదారు వందలు పెట్టి కాలరుకు పెట్టుకునే మైకు ఒకటి కొనుక్కో. బొమ్మ కొంచెం మసగ్గా ఉన్నా జనం చూస్తారు, మాట వినపడకపోతే మాత్రం లేచిపోతారు. గాలికి మైకు మీద బొచ్చు తొడుగు ఉండాలి. నేను రామగిరి కొండల దగ్గర, ఆ గాలిమరల కింద, రోజంతా తీసిన మాటలు మొత్తం హోరుకు పోయాయి, మళ్లీ తీయడం కుదరలేదు. ఫోన్‌లో ఎక్స్‌పోజర్ (బొమ్మలో వెలుగు ఎంత ఉండాలనేది), ఫోకస్ లాక్ చేయడం నేర్చుకో, లేకపోతే మనిషి కదిలినప్పుడల్లా వెలుగు మారిపోతుంది. గుంటూరులో కల్లాల్లో మిరపకాయలు ఆరబోసి ఉంటాయి చూడు, అక్కడ జాగ్రత్త. ఆ ఎరుపు అన్నిటికంటే ముందు కాలిపోతుంది. స్క్రీన్ మీద బాగానే కనబడుతుంది కానీ ఇంటికొచ్చి చూస్తే కాయలన్నీ కలిసి ఒకే ఎర్రటి ముద్దయిపోయి ఉంటాయి. ఎక్స్‌పోజర్ కొంచెం తగ్గించి తీయి.

ఇంకొకటి. మేస్త్రి నీ ముందర ఒకలా, నువ్వు లేనప్పుడు ఇంకోలా ఉంటాడు. నీ సినిమా వల్ల వచ్చే ఏడు మీ అమ్మానాన్నను పనికి పిలవకపోతే ఏం చేస్తారో తీయకముందే ఇంట్లో కూర్చుని మాట్లాడుకో. వాళ్లు వద్దంటే ఆ భాగం వదిలెయ్.

ధర్మవరంలో నాకు చిన్న వీడియో స్టూడియో ఉంది, పెళ్లిళ్లు తీస్తాను. ఒక స్వచ్ఛంద సంస్థవాళ్లు అప్పులతో ప్రాణం తీసుకున్న నేతన్నల కుటుంబాల మీద తీసిపెట్టమన్నారు. మొదటి ఇంట్లోనే ఆయన భార్య బోరున ఏడ్చింది. నేను తీస్తూనే ఉన్నాను. ఆ రాత్రి నిద్ర పట్టలేదు. కెమెరా దించేయాల్సిందా?

అన్నా, నిద్ర పట్టలేదన్నారు చూడండి, అందుకే ఈ పని మీరు చేయగలరని నాకు నమ్మకం కలిగింది.

నేను చేసిన తప్పు ఒకటి చెబుతాను. చాలా ఏళ్ల కిందట కళ్యాణదుర్గం వైపు ఒక ఊళ్లో ఇలాంటి ఇంటికే వెళ్లాం. వేరుశనగ మూడేళ్లు వరసగా ఎండిపోయి, వేసిన బోర్లన్నీ ఎత్తిపోయి, ఆయన పోయాడు. ఆమె నేల మీద కూర్చుంది. నేను నిలబడే తీశాను, టైము లేదని డైరెక్టరు తొందరపెడుతున్నాడు. ఎడిటింగ్‌లో చూసుకుంటే ఆమె నా కాళ్ల దగ్గర కూర్చుని బతిమాలుకుంటున్నట్టుంది. ఆమె ఎవరినీ ఏమీ అడగలేదు, జరిగింది చెప్పింది, అంతే. ఆ బతిమాలుకునే తీరంతా నేను నిలబడ్డ చోటు వల్ల వచ్చింది.

ఆ తర్వాత కొన్నాళ్లకు జహీరాబాద్ దగ్గర పస్తాపూర్ మహిళల సంగతి తెలిసింది. డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అనే స్వచ్ఛంద సంస్థ సంఘాల్లోని దళిత మహిళలు, చాలామందికి చదవడం రాయడం రాదు, 1990ల చివర్లో వీడియో కెమెరా నేర్చుకుని తమ విత్తనాల గురించి, బీటీ పత్తి నష్టాల గురించి సొంతంగా సినిమాలు తీశారు. వాళ్లు షాట్లకు తమ పేర్లు తాము పెట్టుకున్నారు. పై నుంచి కిందికి చూస్తూ తీసేది పటేల్ షాట్, ఎందుకంటే ఊళ్లో పటేల్ వాళ్లను చూసేది అలాగే. కంటికి కన్ను సమానంగా ఉండేది సంఘం షాట్, సంఘంలో అందరూ ఒకే చాప మీద కూర్చుంటారు కాబట్టి. అది విన్న రోజు నేను చేసిన పనికి పేరు దొరికింది. పటేల్ షాట్ తీశాను నేను.

మీకు ఇది ఇంకా సూటిగా వర్తిస్తుంది. మీ ఊళ్లో గుంత మగ్గం మీద నేసే మనిషి కాళ్లు గుంతలో ఉంటాయి, ఆయన కన్ను మీ నడుం కంటే కిందే ఉంటుంది. మామూలు ఎత్తుకు ట్రైపాడ్ లేపితే ప్రతి నేతన్నా తలొంచుకున్న బానిసలాగే పడతాడు. ట్రైపాడ్ పక్కన పెట్టండి, నేల మీద కూర్చోండి, కెమెరా మీ ఒళ్లో పెట్టుకోండి. మగ్గాల గదిలో వెలుతురు తక్కువ, కిటికీ ఒక్కటే ఉంటుంది. లైటు పెట్టి ఆ గదిని పెళ్లిపందిరి చేయొద్దు, కిటికీ ఏ పక్క ఉందో చూసుకుని దానికి అడ్డం రాకుండా కూర్చుంటే చాలు, ఆయన ముఖం మీద ఒక పక్క వెలుగు పడుతుంది, పట్టు దారం మెరుస్తుంది.

ఏడుపు సంగతి. ఏడుస్తున్న మనిషి కెమెరా ఉందని తెలిసీ చెప్పాలనుకుని చెబుతుంటే ఆపనక్కర్లేదు, దగ్గరికి జూమ్ మాత్రం చేయొద్దు. కెమెరా సంగతే మరిచిపోయి కూలిపోతే దించండి, నీళ్లివ్వండి. తర్వాత కొనసాగించాలా అని ఆమెనే అడగండి. చనిపోయిన తీరు, వాడిన వస్తువు, ఆ చోటు చూపించొద్దు, చూసేవాళ్లలో అదే ఆలోచనలో ఉన్న మనిషి ఉండొచ్చు. సినిమా చివర టెలీ మానస్ (మానసిక సాయానికి ప్రభుత్వ ఫోన్ సేవ) నంబరు 14416 వేయమని సంస్థకు చెప్పండి. ఆ ఇళ్లలో మిగిలినవాళ్లకు కూడా ఇవ్వండి.

కళ్యాణదుర్గం కథ అక్కడితో అయిపోలేదు. సినిమాలో ఆమె అప్పిచ్చినాయన పేరు చెప్పింది. మేం అలాగే ఉంచాం, సంతకం పెట్టిన కాగితం మా దగ్గర ఉందిలే అని. సినిమా ఆ చుట్టుపక్కల వేశాక ఆయన ఆమె ఇంటి ముందుకొచ్చి గొడవ చేశాడు. ఆ సంగతి నాకు ఆర్నెల్ల తర్వాత, సీడీ ఇద్దామని వెళ్లినప్పుడు తెలిసింది. ఆమె నన్ను ఒక్క మాట అనలేదు, మజ్జిగ ఇచ్చింది. అప్పటి నుంచి నేను మూడుసార్లు అడుగుతాను: తీయకముందు, తీశాక, ఎడిటింగ్ అయి వాళ్లకు చూపించాక. మూడోసారి వద్దంటే ఎంత మంచి షాట్ అయినా తీసేయాలని ముందే ఒప్పందంలో రాయిస్తాను. దీనివల్ల కొన్ని పనులు పోయాయి. పోనీ.

ఇంట్లో ట్యూబ్‌లైట్ కింద తీస్తే వీడియోలో గీతలు పైకీ కిందికీ పాకుతున్నాయి. కెమెరా పాడైందా? (నంద్యాల)

పాడవలేదు. మన దేశంలో కరెంటు 50 హెర్ట్జ్. కెమెరాలో సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50 పెట్టండి, పోతాయి. కొన్ని కెమెరాలు 60 హెర్ట్జ్ దేశాలకు సెట్ చేసి వస్తాయి, మెనూలో పాల్‌కు (PAL, మన 50 హెర్ట్జ్ పద్ధతి) మార్చండి. కొన్ని చవక ఎల్‌ఈడీ బల్బులకు ఇది కూడా పనిచేయదు, అప్పుడు బల్బు ఆర్పి తలుపు తీయండి.

మాది కడప. మా అమ్మాయి ఇంజినీరింగ్ మానేసి డాక్యుమెంటరీలకు కెమెరా చేస్తానంటోంది. ఆడపిల్ల, రాత్రిళ్లు ఎక్కడెక్కడో తిరగాలి. డబ్బు వస్తుందా? మాకు చాలా టెన్షన్‌గా ఉంది.

అమ్మా, మీ భయం అర్థమైంది, మా అమ్మ కూడా ఇదే అనేది. డబ్బు గురించి ఉన్నదున్నట్టు చెబుతాను. నెలజీతం ఉండదు. సొంత సినిమా అనేది రెండేళ్లకొకటి. మిగతా కాలమంతా సంస్థల శిక్షణ వీడియోలు, టీవీ ఛానళ్లకు రోజు లెక్కన పని, సీజన్లో పెళ్లిళ్లు. నేను ఇప్పటికీ మాఘమాసంలో పెళ్లిళ్లు తీస్తాను, నాకు ఇష్టం కూడా. మొదటి నాలుగైదేళ్లు ఇంటి నుంచి కొంత సాయం అవసరమవుతుంది. అది చేయగలరా లేదా అనేది మీరిద్దరూ కూర్చుని మాట్లాడుకోండి. ఇంజినీరింగ్ మాత్రం సగంలో ఆపొద్దని నా తరఫున చెప్పండి, పూణేకైనా కోల్‌కతాకైనా డిగ్రీ కావాలి.

ఆడపిల్ల అనే మాటకు వస్తే, ఈ పనిలో మగవాళ్లు పోలేని ఇళ్లలోకి మేం పోగలం. 1980లో డాక్యుమెంటరీ దర్శకురాలు దీపా ధన్‌రాజ్, మరికొందరు కలిసి యుగాంతర్ అనే సినిమా బృందం పెట్టారు. వాళ్లు హైదరాబాద్‌లోని స్త్రీశక్తి సంఘటన అనే మహిళా సంఘంతో కలిసి 1983లో ఇంట్లో జరిగే హింస మీద తెలుగులోనే ఒక చిన్న సినిమా తీశారు. అప్పట్లో ఆ సంగతి ఎవరూ బయట మాట్లాడేవాళ్లు కారు. కెమెరా పనికి వస్తే, బి.ఆర్. విజయలక్ష్మి 1985లోనే తమిళ సినిమాకు కెమెరా చేశారు. అమెరికాలో కిర్‌స్టెన్ జాన్సన్ పాతికేళ్లు వేరేవాళ్ల డాక్యుమెంటరీలకు తీసి, మిగిలిపోయిన షాట్లన్నీ కలిపి 2016లో 'కెమెరాపర్సన్' అనే తన సొంత సినిమా చేసింది. ఒక మనిషి కష్టం ముందు కెమెరా పట్టుకుని నిలబడితే మనసుకు ఏమవుతుందో అందులో ఉంటుంది. మీ అమ్మాయితో కలిసి మీరూ చూడండి. మన దేశంలో మహిళా సినిమాటోగ్రాఫర్లకు ఒక కలెక్టివ్ కూడా ఉంది, అమ్మాయిని వాళ్లతో మాట్లాడమనండి.

జాగ్రత్తలంటారా: ఒప్పందం కాగితం మీద ఉండాలి, బస ఎక్కడో ముందే తెలియాలి. పదిమంది గానీ అంతకంటే ఎక్కువమంది గానీ పనిచేసే చోట లైంగిక వేధింపుల ఫిర్యాదులకు కమిటీ ఉండాలని 2013 చట్టం చెబుతోంది, అంతకంటే చిన్న యూనిట్ అయితే జిల్లా స్థాయి కమిటీకి వెళ్లొచ్చు. ఇది తెలిసి వెళ్లిన అమ్మాయికి, తెలియకుండా వెళ్లిన అమ్మాయికి చాలా తేడా ఉంటుంది. నేను తెలియకుండా వెళ్లాను.

నేను కర్నూలువాణ్ని, హైదరాబాద్‌లో సినిమాలకు అసిస్టెంట్ కెమెరామన్‌గా చేస్తున్నా. హాస్కెల్ వెక్స్‌లర్ గురించి చదివాను. ఆయనలా సినిమాలూ డాక్యుమెంటరీలూ రెండూ చేయడం ఇక్కడ కుదురుతుందా?

కుదురుతుంది. ఎలా కుదిరిందో ఆయన బతుకులోనే ఉంది. 1922లో పుట్టి 2015లో, 93 ఏళ్లకు పోయాడు. కథా సినిమాలకు రెండు ఆస్కార్లు వచ్చాయి, ఒకటి 1966 సినిమాకు, ఇంకొకటి 1976 సినిమాకు. యాడ్స్ కూడా తీసేవాడు, కాన్రాడ్ హాల్ అనే ఇంకో పెద్ద కెమెరామన్‌తో కలిసి యాడ్స్ కంపెనీ నడిపాడు. వియత్నాం యుద్ధంలో మై లాయ్ ఊచకోతలో పాల్గొన్న సైనికులతో ఇంటర్వ్యూలు, బ్రెజిల్‌లో చిత్రహింసలు పడి బయటపడ్డవాళ్ల మాటలు, ఇవన్నీ సినిమాల, యాడ్స్ సంపాదన ఉన్నందువల్లే తీయగలిగాడని నేననుకుంటాను. యాడ్స్ చేయడం తప్పని మనలో కొందరు అనుకుంటారు, నేనలా అనుకోను.

నువ్వు అసిస్టెంట్‌వి కాబట్టి ఇది తప్పకుండా చెప్పాలి. 1997లో అక్కడ ఒక అసిస్టెంట్ కెమెరామన్ 19 గంటలు పనిచేసి కారులో ఇంటికి పోతూ నిద్రలోకి జారి చనిపోయాడు. వెక్స్‌లర్ దాన్ని వదల్లేదు. పన్నెండు గంటల పని, పన్నెండు గంటల విశ్రాంతి ఉండాలని ఏళ్ల తరబడి పోరాడాడు, ఎనభై దాటాక 2006లో దాని మీదే డాక్యుమెంటరీ తీశాడు. సమాజం గురించి తీసేవాడు తన పక్కన లైటు మోసే కుర్రాణ్ణి కూడా చూసుకోవాలి కదా. తెల్లవారుజామున షూటింగ్ ముగించి 44వ నంబరు హైవే మీద కర్నూలు బయల్దేరొద్దు తమ్ముడూ. పడుకుని, లేచి పో.

కడప జిల్లాలో మా ఊరి పక్క నాపరాయి పాలిష్ యూనిట్లు, క్వారీలు ఉన్నాయి. బురద వాగులో వదులుతున్నారు. నేను తీస్తుంటే మనుషులొచ్చి కెమెరా లాక్కోబోయారు. కేసులు పెడతారా?

పెట్టొచ్చు, కాబట్టి పని పద్ధతిగా చేయండి. వాళ్ల స్థలంలోకి అనుమతి లేకుండా అడుగు పెట్టొద్దు, రోడ్డు మీద నుంచి, వాగు గట్టు నుంచి, మీ సొంత పొలం నుంచి తీయండి. ఒకే చోటు నుంచి, ఒకే ఎత్తు నుంచి, నెలకొకసారి ఏడాది పాటు తీస్తే ఎవరూ కాదనలేని సాక్ష్యం అవుతుంది. డ్రోన్ అయితే 2021 నిబంధనలున్నాయి, ఎగరేసే ముందు ప్రభుత్వ డిజిటల్ స్కై వెబ్‌సైట్ మ్యాప్‌లో మీ ప్రాంతం చూసుకోండి. ఒంటరిగా వెళ్లొద్దు.

చాలామందికి తెలియనిది ఒకటుంది. కొన్ని రకాల ప్రాజెక్టులకు, పెద్ద గనులకు, పర్యావరణ అనుమతి ఇచ్చే ముందు ప్రజాభిప్రాయ సేకరణ పెట్టాలి, దాన్ని వీడియో తీయించాలని పర్యావరణ అనుమతుల మీద కేంద్రం ఇచ్చిన 2006 నోటిఫికేషన్‌లోనే ఉంది. మీ దగ్గర అలాంటి సభ జరిగి ఉంటే సమాచార హక్కు కింద ఆ వీడియో, మినిట్స్ (సభలో ఏం జరిగిందో రాసిన కాగితం) అడగండి, 30 రోజుల్లో జవాబివ్వాలి. ఆ రోజు ఇచ్చిన మాటలు, ఈ రోజు వాగు, రెండూ పక్కపక్కన పెడితే మీరు వ్యాఖ్యానం చెప్పనక్కర్లేదు. యూనిట్ యజమానినీ అడగండి, మాట్లాడకపోతే ఎన్నిసార్లు అడిగారో తేదీలు రాసిపెట్టుకోండి. అక్కడ దుమ్ములో పనిచేసే కూలీల మాట కూడా వినండి, యూనిట్ మూతపడితే వాళ్ల పొయ్యి ఆరిపోతుంది. ఆ మాట మీ సినిమాలో లేకపోతే నేను నమ్మను.

ఫుటేజీ మూడు కాపీలు చేసి ఒకటి వేరే ఊళ్లో ఉంచండి. సెకనుకు 100 మెగాబిట్ల రికార్డింగ్ గంటకు 45 జీబీ అవుతుంది, ఆ లెక్కన హార్డ్ డిస్కులు కొనుక్కోండి. ధైర్యానికి ఒక సంగతి: ఆనంద్ పట్వర్ధన్ తీసిన ఒక డాక్యుమెంటరీని దూరదర్శన్ వేయనంటే ఆయన కోర్టుల చుట్టూ తిరిగాడు, 2006లో సుప్రీంకోర్టు వేయాల్సిందేనంది. ఏళ్లు పట్టింది, కానీ వేశారు.

మేడమ్, మీరు తీసినవి తీసిన ఊళ్లలో ఎప్పుడైనా చూపించారా? ఏమంటారు జనం? (తాడిపత్రి)

చూపిస్తాను, ప్రతిసారీ. బడి గోడకు తెల్ల పంచె కట్టి, ప్రొజెక్టరు పెట్టి. మనం అనుకున్న చోట వాళ్లు స్పందించరు. వాయిస్ ఓవర్ ఎంత బాగా రాసినా దాన్ని ఎవరూ పట్టించుకోరు, తెర మీద తమ కుక్క కనబడితే ఈలలు వేస్తారు, అమ్మేసిన ఎద్దులు కనబడితే నిశ్శబ్దమైపోతారు.

ఒకసారి ఎండిపోయిన బావుల మీద తీసిన సినిమా వేశాం. అయ్యాక ఒక పెద్దాయన నా దగ్గరికొచ్చి, "నువ్వు చూపించిన ఆ బావి మాదే పాపా. ఉత్త గుంతను చూపిస్తే ఏం తెలుస్తుంది? అది నిండుగా ఉన్నప్పటి ఫొటో నా కాడ ఉంది, రేపు పొద్దున రా" అన్నాడు. వెళ్లాను. ఆయన పెళ్లినాటి నలుపు తెలుపు ఫొటో అది, ఇద్దరూ గట్టు మీద నిలబడి ఉన్నారు, వాళ్ల కాళ్ల దగ్గరి వరకూ నీళ్లు. నేను మంచం పక్కన నేల మీద కూర్చున్నాను, ఆయన ఆ ఫొటో చేతిలో పట్టుకుని రెండు గంటలు మాట్లాడాడు. సినిమాను మళ్లీ ఎడిట్ చేసి అది మొదట్లో పెట్టాం.